చెంబు కేసని నవ్వి పంపేయకండి: పోలీసు ఉన్నతాధికారులకు బహిరంగ లేఖ

గౌరవనీయులైన ఆంధ్రప్రదేశ్, తెలంగాణ పోలీసు ఉన్నతాధికారులకు,
(ప్రతులు: దేవాదాయ శాఖ, పాఠశాల విద్యాశాఖ అధికారులకు)

నమస్కారం.

నేను రాయలసీమలో ఒక మండల కేంద్రంలోని హైస్కూల్లో ఫిజికల్ సైన్స్ చెప్పి రిటైరయిన టీచర్ని. 'రైస్ పుల్లర్' (బియ్యపు గింజల్ని లాగే మహిమ గల రాగి చెంబు) పేరుతో జరిగే మోసంలో డబ్బు పోగొట్టుకున్న కొన్ని కుటుంబాల తరఫున ఈ ఉత్తరం రాస్తున్నాను. వీళ్లు ముందు స్టేషన్‌కే వెళ్లారు. అర్జీ తీసుకున్నారు కానీ రసీదు ఇవ్వలేదు. మళ్లీ వెళ్తే "చెంబు కేసా?" అని నవ్వారు. పై ఆఫీసుకి రిజిస్టర్డ్ పోస్టులో పంపితే అక్నాలెడ్జ్‌మెంటు కార్డు తిరిగొచ్చింది, జవాబు మాత్రం రాలేదు. సోమవారం అర్జీలు తీసుకునే చోటా ఇచ్చారు. అది చుట్టూ తిరిగి మొదటి స్టేషన్‌కే చేరింది, "సివిల్ తగాదా" అని రాసి మూసేశారు.

అందుకే నలుగురూ చదివేలా రాయాల్సి వస్తోంది. స్టేషన్ పేరు కావాలనే రాయలేదు. రాస్తే ఒక ఎస్సై గారు బదిలీ అవుతారు, ఆ తర్వాత వచ్చిన ఎస్సై గారూ నవ్వుతారు. మా కుటుంబాలకి దానివల్ల ఒరిగేది ఏమీ లేదు.

మీకు తెలిసిన విషయమే అయినా, చదివే మామూలు జనం కోసం ఈ దందా ఎలా నడుస్తుందో చెప్పాలి.

ఒక పాత రాగి చెంబు, లేదా గంట, లేదా గుడి కలశం. దానిమీద ఎప్పుడో పిడుగు పడిందని, ఆ దెబ్బకి రాగి కాస్తా 'కాపర్ ఇరిడియం' అయిపోయిందని చెప్తారు. దాని శక్తికి బియ్యపు గింజలు వాటంతటవే జరిగొచ్చి అతుక్కుంటాయట. దగ్గరికి తెస్తే టార్చిలైటు ఆరిపోతుందట, గడియారం ఆగిపోతుందట. ఎన్ని అంగుళాల దూరం నుంచి గింజని లాగితే అంత పవరు, పవరుని బట్టి రేటు. ఇస్రో కొంటుందంటారు, రక్షణ పరిశోధన సంస్థ డీఆర్‌డీవో అంటారు, ఇంకొంచెం ధైర్యం ఉన్నవాడు నాసా అంటాడు. ఈ లైనులో వాళ్లు వస్తువుని 'ఆర్పీ' అని, కొనేవాణ్ని 'పార్టీ' అని పిలుస్తారు. పార్టీ దగ్గర వేల కోట్లు సిద్ధంగా ఉంటాయి. కాకపోతే ముందు టెస్టింగ్ కావాలి. టెస్టింగ్‌కి 'సైంటిస్టు' రావాలి. ఆయన ఫీజు, ఆయన వేసుకునే యాంటీ రేడియేషన్ సూటు అద్దె, కెమికల్ ఖర్చు, సీసం పెట్టె ఖర్చు అన్నీ మన రైతే కట్టాలి. తీరా ఆ రోజున వాన పడుతుంది, లేదా తిథి దాటిపోతుంది, లేదా సైంటిస్టుకి కళ్లు తిరుగుతాయి. మళ్లీ టెస్టింగ్, మళ్లీ ఫీజు. గట్టిగా నిలదీస్తే "ఇది దేశ భద్రత విషయం, నోరు విప్పావంటే నీమీదే కేసు" అంటారు.

ఇది పల్లెటూరి అమాయకుల రోగం అనుకుంటే పొరపాటు. 2018 మే నెలలో ఢిల్లీ క్రైమ్ బ్రాంచి పోలీసులు ఒక తండ్రీకొడుకులను అరెస్టు చేశారు. అలాంటి పరికరాన్ని నాసాకి 37,500 కోట్ల రూపాయలకు అమ్మిస్తామని నమ్మించి, ఒక బట్టల వ్యాపారి దగ్గర వాళ్లు లాగింది కోటీ నలభై మూడు లక్షలు. ఆ 37,500 కోట్ల అంకె ఎంత పెద్దదో కొంచెం ఆలోచించండి. చంద్రయాన్-3కి మొత్తం కలిపి అయిన ఖర్చు దాదాపు 615 కోట్లు. ఆ లెక్కన ఒక్క చెంబు ధరతో అరవైసార్లు చంద్రుడి మీదికి వెళ్లవచ్చు. బట్టల వ్యాపారి అంటే లెక్కలు రానివాడు కాడు కదా. అయినా నమ్మాడు.

ఇక చెంబు సంగతి. ఇన్నేళ్లు చెప్పిన పాఠమే కాబట్టి ఇది కాస్త వివరంగా రాస్తాను. మీ దర్యాప్తు అధికారులకీ పనికొస్తుంది.

ఇరిడియం అనేది నిజంగా ఉన్న లోహమే. 1803లో స్మిత్సన్ టెనెంట్ కనిపెట్టాడు. ప్లాటినం కుటుంబానికి చెందింది, భూమి పైపొరలో చాలా అరుదు. ప్రపంచం మొత్తం మీద ఏడాదికి ఏడెనిమిది టన్నులకు మించి రాదు, అందులో ఎక్కువ భాగం దక్షిణాఫ్రికా గనులదే. బాగా నాణ్యమైన స్పార్క్ ప్లగ్గుల మొనల్లో, స్ఫటికాలు పెంచే మూసల్లో వాడతారు. పేరు నిజం కావడమే మోసగాళ్లకి కలిసొచ్చింది. ఫోన్‌లో వెతికితే ఇరిడియం కనబడుతుంది, ఖరీదైనదనీ కనబడుతుంది. అక్కడితో సగం నమ్మకం కుదిరిపోతుంది.

కానీ రాగి పరమాణువులో ప్రోటాన్లు 29, ఇరిడియంలో 77. పిడుగు ఎంత వేడిదైనా, అది సెకనులో చిన్న భాగంపాటు ఉండే విద్యుత్తు. లోహాన్ని కరిగించగలదు, కాల్చగలదు, ఇసుకని గాజులా మార్చగలదు. రాగిని ఇరిడియం చేయలేదు. పిడుగు వల్ల రాగి ఇరిడియం అయ్యేదే అయితే, మన ఎత్తైన భవనాల మీద, గోపురాల మీద ఉన్న పిడుగు కడ్డీలన్నీ ఈపాటికి బ్యాంకు లాకర్లలో ఉండేవి.

పోనీ అయిందనే అనుకుందాం. రాగి సాంద్రత ఘన సెంటీమీటరుకి 8.96 గ్రాములు, ఇరిడియంది 22.56. అరకిలో తూగే రాగి చెంబు అచ్చంగా ఇరిడియంతో చేసిందైతే కిలోంపావు తూగాలి. ఇది తేల్చడానికి సైంటిస్టు అక్కర్లేదు, సూటు అసలే అక్కర్లేదు. చెంబుని ముందు గాల్లో, తర్వాత దారం కట్టి నీళ్లలో ముంచి తూస్తే చాలు. తొమ్మిదో తరగతి పిల్లలు చేస్తారు. ధర కూడా చూద్దాం. ఇటీవలి సంవత్సరాల్లో ఇరిడియం గ్రాము పది నుంచి పదిహేను వేల రూపాయల మధ్య పలికింది. పన్నెండు వేలు వేసుకున్నా ఆ కిలోంపావు చెంబు ఖరీదు కోటిన్నర. వేల కోట్లు ఎక్కడినుంచి వచ్చాయి?

రేడియేషన్ మాట. ప్రకృతిలో దొరికే ఇరిడియంకి రేడియేషన్ ఉండదు. రేడియేషన్ ఉన్నది ఇరిడియం-192. దాన్ని రియాక్టర్లో తయారుచేసి, క్యాన్సర్ చికిత్సలోనూ, పైపుల వెల్డింగు లోపాలు చూడటానికీ వాడతారు. దాని అర్ధాయుష్షు 74 రోజులు. అంటే ప్రతి 74 రోజులకీ సగం తగ్గిపోతుంది, ఏడాది తిరిగేసరికి నూటికి మూడు వంతులు మిగులుతుంది. తాతల నాటి చెంబులో అది ఉండే ప్రశ్నే లేదు. నిజమైన రేడియేషన్ వస్తువు తుక్కులోకి వస్తే ఏమవుతుందో 2010లో ఢిల్లీ మాయాపురి చూపించింది. ఒక యూనివర్సిటీ ల్యాబ్ నుంచి పాత సామానుగా వచ్చిన కోబాల్ట్-60ని తెలియక విప్పితే ఒక మనిషి చనిపోయాడు, మరికొందరు ఆస్పత్రి పాలయ్యారు. అక్కడ బియ్యపు గింజ ఒక్కటీ కదల్లేదు.

గింజలు ఎలా అతుక్కుంటాయంటారా? గింజలో సన్నటి ఇనుప తీగ ముక్క దూరుస్తారు, లేదా ఇనుప రజను పట్టిస్తారు. చెంబు అడుగున అయస్కాంతం దాస్తారు. పక్కన ఒక దిక్సూచి పెడితే బండారం బయటపడుతుంది. బియ్యం మన ఇంట్లోవి వాడమంటే ఇంకా తొందరగా పడుతుంది. ఇంతకు మించి ఇందులో రహస్యం ఏమీ లేదు.

చట్టం తెలిసిన మీకు ఇంకో చిన్న తర్కం. ఆ వస్తువుకి నిజంగా రేడియేషన్ ఉంటే, అణుశక్తి నియంత్రణ మండలి అనుమతి లేకుండా దాన్ని దగ్గర పెట్టుకోవడం, అమ్మజూపడం నేరం. లేకపోతే, ఉందని చెప్పి డబ్బు తీసుకోవడం మోసం. ఎటు తిప్పినా నేరమే. 'సివిల్ తగాదా' ఎక్కడ ఇరికిందో నాకు అర్థం కాలేదు.

ఇప్పుడు దీనివల్ల మామూలు మనుషులకు ఏం జరుగుతోందో చెప్తాను.

1. పొలాలు పోతున్నాయి. ఇందులో ఒకేసారి పెద్ద మొత్తం పోదు. మొదట ఇరవై వేల టోకెన్. తర్వాత టెస్టింగ్‌కి రెండు లక్షలు. అప్పటికే పెట్టింది వదులుకోలేక ఇంకో మూడు. బంగారం కుదువకి వెళ్తుంది, ఆ తర్వాత ఎకరం. నాతో మాట్లాడిన ఒక కుటుంబంలో రెండున్నర ఎకరాల వేరుశనగ చేను పోయింది. ఆయన ఇప్పుడు అదే చేనులో కూలికి వెళ్తున్నాడు. కొన్నవాళ్లు మంచివాళ్లు, పని ఇచ్చారు.

2. ఆడవాళ్లకి చివరికి తెలుస్తుంది. తాళిబొట్టు గొలుసు ఒక్కటే మిగిలినప్పుడు, లేదా డ్వాక్రా గ్రూపులో ఆమె పేరున తీసిన అప్పుకి వాయిదా కట్టమని అడిగినప్పుడు. "ఎక్కడికి పోయింది ఈ డబ్బు?" అంటే మగవాళ్ల దగ్గర జవాబు ఉండదు, చెప్పడానికి మొహం చెల్లదు. గ్రూపులో మిగతా తొమ్మిది మందీ ఆమె వాయిదా కూడా మోయాలి. మోసపోయింది ఒక మగాడు, తలదించుకుని తిరిగేది పదిమంది ఆడవాళ్లు. మీ స్టేషన్‌లో ఫిర్యాదు తీసుకోకపోతే, ఆ డబ్బు నిజంగా మోసంలోనే పోయిందని ఊరికి చూపించడానికి వీళ్ల దగ్గర ఒక్క కాగితం కూడా ఉండదు. తాగుడికీ పేకాటకీ తగలేశాడనే అనుకుంటారు.

3. మోసపోయినవాడే దళారీ అవుతున్నాడు. అన్నిటికంటే నాకు భయం వేసేది ఇదే. నాలుగు లక్షలు పోయాక గ్యాంగ్ అతనికి ఒక దారి చూపిస్తుంది: "ఇంకో ఇద్దరిని తీసుకురా, నీ డబ్బు నీకు వచ్చేస్తుంది." పోలీసులు తలుపు మూసేశారు కాబట్టి అతనికి కనబడే దారి అదొక్కటే. ఎవరిని తెస్తాడు? తోడల్లుణ్ని, బావమరిదిని, చిన్ననాటి స్నేహితుణ్ని. నమ్మేది వాళ్లే కదా. అలా ఒక చెంబు ఒక ఇంట్లోంచి మూడు వియ్యపు ఇళ్లకి పాకుతుంది. ఆ తర్వాత పెళ్లిళ్లకి పిలుపులుండవు, చావుకి కూడా వెళ్లరు. మొదటి రోజే ఎఫ్‌ఐఆర్ రాసి ఉంటే ఆ మనిషి సాక్షిగా ఉండేవాడు. రాయకపోవడం వల్ల ముద్దాయి అయ్యాడు.

4. గుళ్లు బోసిపోతున్నాయి. కలశంలో ఇరిడియం ఉందన్న పుకారు పుట్టినప్పటినుంచి ఊరి చివరి పాత గుళ్లకి నిద్ర లేదు. శిఖరం మీది రాగి కలశాలు రాత్రికి రాత్రే మాయమవుతున్నాయి. ఇంకో పక్క గుప్త నిధులవాళ్లు నంది విగ్రహం కింద తవ్వుతారు, గర్భగుడిలో గొయ్యి తీస్తారు. కలశం లేని గుడికి మళ్లీ ప్రతిష్ఠ చేయించాలంటే ఊరంతా చందాలు వేసుకోవాలి. కరువు ఏడాదిలో అది ఎంత బరువో మీకు చెప్పనక్కర్లేదు. మన ఇళ్లలో పూర్ణకుంభం పెట్టినా, గృహప్రవేశానికి కలశం పెట్టినా, పొద్దున్నే సంధ్య వార్చినా రాగి చెంబే. అలాంటి వస్తువుని ఇంట్లో ఉంచుకోవడానికే ముసలివాళ్లు భయపడుతున్నారు. "పాత రాగి ఉందా అమ్మా" అని బండి మీద తిరిగేవాణ్ని చూస్తే తలుపు వేసుకుంటున్నారు.

5. ప్రాణాలు పోతున్నాయి. గుప్త నిధులు తీసిపెడతానని నమ్మించి పదకొండు మందిని చంపాడన్న కేసులో 2023 డిసెంబరులో నాగర్‌కర్నూల్ పోలీసులు ఒక వ్యక్తిని అరెస్టు చేశారు. మనిషి కనబడటం లేదని వచ్చిన ఒక ఫిర్యాదుని పట్టుకుని తీగ లాగితేనే ఆ డొంక కదిలింది. చెంబుకీ నిధికీ పేరే తేడా, మనుషులూ పద్ధతీ ఒకటే: రహస్యంగా డబ్బు తీసుకురా, ఇంట్లో చెప్పకు, ఒంటరిగా రా. ఇంట్లో చెప్పకుండా వెళ్లిన మనిషికి ఏమైనా అయితే వెతకడం ఎక్కడ మొదలుపెట్టాలి? ఫిర్యాదు తీసుకుంటే ఏమవుతుందో ఆ కేసులో మీ శాఖే చూపించింది. మేం అడుగుతున్నదీ అలాంటి పనినే.

6. పిల్లల చదువుల గురించి ఒక్క మాట. ఇద్దరు ఆడపిల్లలు ఇంటర్ మధ్యలో ఆగిపోయారు, ఒకమ్మాయికి పెళ్లి చేసేశారు. ఇంతకంటే రాస్తే వాళ్లెవరో తెలిసిపోతుంది.

స్టేషన్‌లో మాకు వినిపించే జవాబు ఎప్పుడూ ఒకటే: "మీకు ఆశ ఎందుకు?" సరే, ఆశే. కాదని ఎవరూ అనడం లేదు. చిట్‌ఫండ్ వాడు ముంచినప్పుడు, ఉద్యోగం ఇప్పిస్తానని ఒకడు డబ్బు ఎగ్గొట్టినప్పుడు, ఫోన్‌లో లోన్ యాప్ పీడించినప్పుడు కూడా బాధితుడిలో ఏదో ఒక ఆశ ఉంటుంది. వాళ్ల ఫిర్యాదులు తీసుకుంటున్నారు, మంచిదే. చెంబు దగ్గరికి వచ్చేసరికి మాత్రం బాధితుడు నవ్వులపాలు అవుతున్నాడు. ఈ గ్యాంగులకి అసలు పెట్టుబడి ఆ సిగ్గే. బాధితుడు స్టేషన్‌కి వెళ్లడని, వెళ్లినా రాసుకోరని వాళ్లకి బాగా తెలుసు.

రెండో జవాబు బెదిరింపు: "పురాతన వస్తువు కొనబోయావు, నువ్వూ ముద్దాయివే." దీనికి భయపడే చాలామంది వెనక్కి వచ్చేస్తున్నారు. అయ్యా, సంతలో కొన్న కొత్త చెంబుకి చింతపండు పులుసూ మట్టీ పట్టించి నల్లబరిచింది పురాతన వస్తువు ఎలా అవుతుంది? చాలా చెంబుల మీద, బిళ్లల మీద 'ఈస్ట్ ఇండియా కంపెనీ 1818' అని, పక్కన ఆంజనేయుడి బొమ్మ ఉంటుంది. కంపెనీ అలాంటి నాణేలు ముద్రించలేదు. నాణేల గురించి తెలిసినవాళ్లెవరిని అడిగినా ఈ మాటే చెప్తారు. దర్యాప్తు చేస్తే కదా ఏది పాతదో ఏది కొత్తదో తేలేది.

మిగతాచోట్ల ఏం చేశారో చూడండి. తమిళనాడులో ఇరిడియం పేరుతో, రిజర్వు బ్యాంకు కాగితాలంటూ దొంగ పత్రాలు చూపించి డబ్బు వసూలు చేసిన వాళ్లను 2025లో అక్కడి పోలీసు నేర పరిశోధన విభాగం సీబీ-సీఐడీ పెద్ద ఎత్తున అరెస్టు చేసింది. 2009లో సౌదీలో పాత కుట్టుమిషన్లలో 'ఎర్ర పాదరసం' అనే, ఎక్కడా లేని విలువైన పదార్థం ఉందని పుకారు లేచి జనం ఎగబడి కొంటుంటే, అక్కడి పోలీసులు ఆ పుకారు ఎక్కడిదో విచారించడానికి దిగారు. ఆ పాదరసం పుకారు మన దగ్గరికీ వచ్చింది, పాత టీవీల రూపంలో. చెంబు పోతే పాదరసం వస్తుంది, అదీ పోతే రెండు తలల పాము వస్తుంది. వస్తువు మారుతున్నా ఫోన్ నంబర్లు మాత్రం అవే ఉంటున్నాయని బాధితులు చెప్తున్నారు. ఆ నంబర్లు మా దగ్గర ఉన్నాయి. తీసుకునేవాళ్లే లేరు.

కొత్త చట్టం తెమ్మని మేం అడగడం లేదు. ఉన్నవాటిని వాడితే చాలు. మా విన్నపాలు ఇవి:

1. ఫిర్యాదు వచ్చిన రోజే ఎఫ్‌ఐఆర్ రాయాలి. భారతీయ న్యాయ సంహిత 318(4) కింద మోసం చేసి డబ్బు లాగితే ఏడేళ్ల వరకు శిక్ష ఉంది. 2024 జూలై 1కి ముందు జరిగినవాటికి పాత 420 ఉంది. ఇవి పోలీసులు నేరుగా కేసు కట్టదగ్గ నేరాలు. అలాంటి నేరం జరిగిందని తెలిస్తే ఎఫ్‌ఐఆర్ తప్పనిసరి అని 2013లోనే లలితా కుమారి కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. ప్రాథమిక విచారణకి వీలున్న కేసుల్లో కూడా దానికి గడువు పెట్టింది. "మా పరిధి కాదు" అనే మాటకీ ఇప్పుడు చోటు లేదు, నేరం ఎక్కడ జరిగినా ఏ స్టేషన్‌లోనైనా రాయాల్సిన జీరో ఎఫ్‌ఐఆర్ చట్టంలోకి వచ్చింది. ఈ గ్యాంగులు ఒక జిల్లాలో మాట్లాడి, రెండో జిల్లాలో టెస్టింగ్ పెట్టి, బెంగళూరులో డబ్బు తీసుకుంటాయి కాబట్టి మా కేసుల్లో ఇది మరీ ముఖ్యం.

2. దొంగ ఐడీ కార్డు వేసుకుని ఇస్రో సైంటిస్టునని, డీఆర్‌డీవో అధికారినని చెప్పినవాడి మీద ఆ సెక్షన్లు కూడా కలపాలి. న్యాయ సంహితలో ప్రభుత్వోద్యోగిగా నటించడం 204వ సెక్షన్, వేరే మనిషిగా నమ్మించి మోసం చేయడం 319. ఇవి లేకుండా ఒక్క మోసం సెక్షన్ రాస్తే బెయిలు తేలిక, రాజీ ఇంకా తేలిక.

3. గ్యాంగుల మీద వ్యవస్థీకృత నేరం కింద 111 సెక్షన్ ఎందుకు పెట్టరని అడిగితే, పాత చార్జిషీట్లు లేవు అన్నారు. నిజమే, గడిచిన పదేళ్లలో ఒకటికి మించి చార్జిషీట్లు ఉంటేనే అది వర్తిస్తుంది. ఎఫ్‌ఐఆరే రాయకపోతే చార్జిషీటు ఎక్కడినుంచి వస్తుంది? ఇప్పుడు రాసే ప్రతి చిన్న కేసూ రేపు ఆ సెక్షన్‌కి మెట్టు అవుతుంది. ఈ ఉత్తరంలో మిగతావన్నీ మరిచిపోయినా ఈ ఒక్కటీ గుర్తుంచుకోమని మనవి.

4. బాధితుణ్ని బాధితుడిగానే చూడాలి. ఇతరులను దించకముందే వచ్చి ఫిర్యాదు చేసినవాణ్ని సాక్షిగా తీసుకోవాలి, ముద్దాయిని చేస్తామని బెదిరించకూడదు. దించాక వచ్చినవాడి సంగతి కోర్టు చూసుకుంటుంది. అతన్ని కాపాడమని నేను అడగను.

5. ప్రతి జిల్లాలో ఈ కేసులు చూసే అధికారి ఒకరుండాలి. రెండు రాష్ట్రాల మధ్య, వీలైతే కర్ణాటకతో కూడా, ఫోటోలూ ఫోన్ నంబర్లూ బ్యాంకు ఖాతాల వివరాలూ ఇచ్చిపుచ్చుకోవాలి. డబ్బు ఫోన్ ద్వారా వెళ్లిన కేసుల్లో సైబర్ మోసాల హెల్ప్‌లైన్ 1930 నంబరుకి చేసిన ఫిర్యాదుని "ఇది సైబర్ మోసం కాదు" అని తోసేయకుండా, ముందు ఆ ఖాతా ఆపించాలి. వాదన తర్వాత చేసుకోవచ్చు.

6. 'ఆర్పీ కొంటాం', 'పుల్లింగ్ టెస్ట్ లైవ్' అంటూ తెలుగులో నడుస్తున్న వీడియోలను తీసేయించాలి. కింద కామెంట్లలో ఫోన్ నంబర్లు బాహాటంగా ఉంటున్నాయి. ఒక కానిస్టేబుల్‌కి ఒక మధ్యాహ్నం చాలు, జాబితా తయారవుతుంది.

7. దేవాదాయ శాఖ వారు ప్రతి గుడి కలశాన్నీ ఫోటో తీసి, బరువు, లోహం రాసి రిజిస్టరులో ఎక్కించాలి. గుడి గోడ మీద "ఈ కలశం రాగిది. ఇందులో వేరే ఏ లోహమూ లేదు" అని ఒక బోర్డు పెట్టండి. నవ్వుతారేమో. దొంగ కూడా చదువుతాడు.

8. విద్యాశాఖ వారు హైస్కూళ్లలో ఈ ట్రిక్కుని చేసి చూపించాలి. రెండు అయస్కాంతాలు, ఇనుప రజను, గుప్పెడు బియ్యం, ఒక దిక్సూచి. వంద రూపాయలు కాదు. పిల్లలు ఇంటికెళ్లి నాన్నకి చూపిస్తారు. పిలిస్తే నేనే వచ్చి చూపిస్తాను, బస్సు చార్జీ కూడా అక్కర్లేదు. గ్రామసభల్లో మీ సిబ్బంది చేసి చూపిస్తే ఇంకా మంచిది, ఖాకీ చెప్పిన మాటకి ఊళ్లో విలువ వేరు. సైన్సు ప్రచారం చేసే సంఘాల కార్యకర్తలు మన రెండు రాష్ట్రాల్లోనూ ఉన్నారు, అడిగితే కలిసొస్తారు.

9. ఇస్రో, డీఆర్‌డీవో, బార్క్ (భాభా అణు పరిశోధన కేంద్రం) లాంటి సంస్థలు వ్యక్తుల దగ్గర చెంబులు కొనవు, వాటి కొనుగోళ్లకి టెండర్ల పద్ధతి ఉంది అని తెలుగులో ఒక స్పష్టమైన ప్రకటన మీ శాఖ నుంచే రావాలి. దాన్ని ప్రతి స్టేషన్ నోటీసు బోర్డులో, ప్రతి సచివాలయంలో, రిజిస్ట్రార్ ఆఫీసులో అంటించాలి. రిజిస్ట్రార్ ఆఫీసు ఎందుకంటే, పొలం అమ్మడానికి మనిషి వచ్చేది అక్కడికే. సంతకం పెట్టేముందు ఒక్కసారి చదివే అవకాశం ఉంటుంది.

మా కుటుంబాల అర్జీల నకళ్లు, పోస్టు రసీదులు, ఫోన్‌పే వివరాలు, గ్యాంగువాళ్లు పంపిన దొంగ ఒప్పంద పత్రాలు, సూటు వేసుకున్న 'సైంటిస్టు' ఫోటోలు ఒక ఫైలుగా కట్టి సిద్ధంగా ఉంచాం. మీలో ఏ అధికారి అడిగినా తెచ్చి ఇస్తాం. ఇచ్చినదానికి రసీదు మాత్రం కావాలి.

ఈ ఉత్తరానికి నెల రోజుల్లోగా రాతపూర్వకంగా జవాబు ఇవ్వాలని కోరుతున్నాం. ఎఫ్‌ఐఆర్ రాయడం కుదరదంటే ఎందుకు కుదరదో అదే కాగితం మీద రాసి ఇవ్వండి. ఎస్పీ స్థాయికి పోస్టులో పంపడం అయిపోయింది కాబట్టి, గడువు దాటితే బీఎన్‌ఎస్‌ఎస్ (భారతీయ నాగరిక సురక్షా సంహిత) 175(3) కింద అఫిడవిట్‌తో మేజిస్ట్రేటు కోర్టుకి వెళ్తాం. లాయరు గారితో మాట్లాడుకున్నాం. ఆయన ఫీజు తీసుకోనన్నారు.

ఇట్లు,
బాధిత కుటుంబాల తరఫున,
ఒక రిటైర్డ్ ఫిజికల్ సైన్స్ టీచరు